తెర మీద లేచి నిలబడతాడు.. రోడ్డు మీద?

ఇంటర్వెల్‌కు ముందు వచ్చే ఫైట్ ఒకటి గుర్తు చేసుకోండి. విలన్ మనిషి వెనక నుంచి వచ్చి ఇనుప రాడ్డుతో హీరో తల మీద ఒక్కటిస్తాడు. హీరో కుప్పకూలతాడు. నుదుటి మీద సన్నటి రక్తపు చార. కళ్లు మూతపడతాయి. థియేటరంతా నిశ్శబ్దం. ఇంతలో అమ్మ పిలుపో, హీరోయిన్ కేకో వినిపిస్తుంది. వేళ్లు కదులుతాయి. మ్యూజిక్ ఊపందుకుంటుంది. ఆ తర్వాత ఇరవై మందిని ఒక్కడే మట్టి కరిపిస్తాడు. మనం ఈలలు వేస్తాం. వేయాలి కూడా. టికెట్ కొన్నది అందుకే కదా.

ఇప్పుడు అదే దెబ్బను మీ వీధి చివర స్పీడ్ బ్రేకర్ దగ్గర ఊహించుకోండి. ఇంటర్ చదివే అబ్బాయి పాల ప్యాకెట్ కోసం స్కూటీ తీశాడు. ‘పక్క సందులోకే కదా’ అని హెల్మెట్ పెట్టుకోలేదు. బండి జారింది. తల రోడ్డుకు తగిలింది. ఒక్క క్షణం కళ్లు బైర్లు కమ్మాయి. లేచాడు. బట్టలు దులుపుకొని ఇంటికొచ్చాడు. ‘ఏం కాలేదు నాన్నా, చిన్న దెబ్బే’ అన్నాడు. అమ్మ బొప్పి మీద ఐస్ పెట్టి, ‘అన్నం తిని పడుకో, పొద్దున్నకి తగ్గిపోతుంది’ అంది. రాత్రి పదింటికి ఒకసారి వాంతి చేసుకున్నాడు. ‘తిన్నది పడలేదేమో’ అనుకున్నారు.

ఈ ఇంట్లో ఎవరూ తెలివితక్కువవాళ్లు కాదు. పిల్లాడి మీద ప్రేమ లేనివాళ్లూ కాదు. కానీ తలకు దెబ్బ తగిలితే ఎలా ఉంటుందో వాళ్లకు తెలిసిన బొమ్మ ఒక్కటే. అది సినిమా ఇచ్చిన బొమ్మ. పెద్ద దెబ్బయితే రక్తం ధారగా కారాలి, మనిషి పడిపోవాలి. లేచి నడిచాడంటే గండం గడిచినట్టే. నిజ జీవితంలో ఈ లెక్క తప్పుతుంది. ఎందుకు తప్పుతుందో, తప్పినప్పుడు ఎంత మూల్యం చెల్లించాలో చూద్దాం.

అంకెలు ఏం చెబుతున్నాయి?

కేంద్ర రోడ్డు రవాణా శాఖ నివేదిక ప్రకారం 2022లో దేశంలో 4,61,312 రోడ్డు ప్రమాదాలు జరిగాయి. వాటిలో 1,68,491 మంది ప్రాణాలు పోయాయి. మృతుల్లో దాదాపు 44 శాతం ద్విచక్ర వాహనాల మీద వెళ్తున్నవారే. హెల్మెట్ లేకుండా చనిపోయినవారు 50,029 మంది. వీరిలో 14,337 మంది బండి నడిపినవారు కాదు, వెనక కూర్చున్నవారు. అంటే ఎవరి భార్యో, ఎవరి చెల్లెలో, ఎవరి స్నేహితుడో. ‘నడిపేవాడికుంటే చాలు’ అనుకునే మన అలవాటుకు ఆ అంకె సమాధానం.

వేగాన్ని కూడా తెర మీద చూసినట్టే చూస్తాం. గాలికి జుట్టు ఎగరడం, స్లో మోషన్‌లో మలుపు తిరగడం. దాన్ని ఎత్తులోకి మార్చి చూడండి. గంటకు 40 కిలోమీటర్ల వేగంతో వెళ్తూ గోడను ఢీకొట్టడమంటే, ఆరు మీటర్ల పైచిలుకు ఎత్తు నుంచి, అంటే రెండంతస్తుల మేడ మీద నుంచి పడటంతో సమానం. 60 కిలోమీటర్లయితే సుమారు 14 మీటర్లు. దగ్గర దగ్గర అయిదో అంతస్తు బాల్కనీ. వేగం ఒకటిన్నర రెట్లే పెరిగింది, ఎత్తు మాత్రం రెండు రెట్లు దాటింది. అయిదో అంతస్తు పిట్టగోడ మీద పిల్లాణ్ని కూర్చోనివ్వని మనం, 60లో వెళ్లే బండి మీద తలకు ఏమీ లేకుండా పంపించేస్తాం.

పుర్రె లోపల జరిగేది కెమెరాకు కనిపించదు

మెదడు బరువు సుమారు 1,300 నుంచి 1,400 గ్రాములు. ముట్టుకుంటే గట్టిగా ఉండదు. జున్నులా మెత్తగా ఉంటుంది. పుర్రె లోపల నీటిలాంటి ద్రవంలో తేలుతుంటుంది. తల దేన్నైనా ఢీకొని ఆగిపోయినప్పుడు పుర్రె ఆగుతుంది కానీ, లోపలి మెదడు అదే వేగంతో ముందుకెళ్లి పుర్రె గోడకు కొట్టుకుంటుంది. ఒక్కోసారి వెనక్కి వచ్చి ఎదుటి వైపూ కొట్టుకుంటుంది. అందుకే నుదుటి మీద దెబ్బ తగిలితే తల వెనక భాగంలో మెదడు కమిలిన సందర్భాలుంటాయి. తల గిర్రున తిరిగేలా దెబ్బ తగిలితే లోపలి సన్నటి నరాల పోగులు సాగి తెగిపోతాయి. బయట చర్మం మీద ఒక్క గీత కూడా ఉండకపోవచ్చు.

రక్తస్రావానిదీ అంతే. మాడు చిట్లితే రక్తం ధారగా వస్తుంది. చూడటానికి భయంకరంగా ఉంటుంది కానీ, కుట్లు వేస్తే చాలాసార్లు సరిపోతుంది. అసలు ప్రమాదం లోపల కారే రక్తంతో. పొట్టలోనో తొడలోనో రక్తం చేరితే సాగడానికి కాస్త చోటుంటుంది. పుర్రె ఎముకల పెట్టె. అది సాగదు. లోపల చేరిన ప్రతి చెంచా రక్తం మెదడును అంతమేర నొక్కుతుంది. ఒత్తిడి పెరిగి శ్వాసను నడిపే కేంద్రాల దాకా వెళ్తే ప్రాణం నిలవదు. అందుకే తల దెబ్బను రక్తం ఎంత కారిందన్న దాన్ని బట్టి అంచనా వేయకూడదు. మనిషి ఎలా ఉన్నాడన్నదే కొలత.

లేచి నడవడమే మోసం చేసే ఘట్టం

కణత దగ్గర పుర్రె ఎముక పలచగా ఉంటుంది. దాని లోపలి వైపు ఒక ధమని వెళ్తుంది. అక్కడ ఎముక విరిగి ధమని చిరిగితే, పుర్రెకూ మెదడు పైపొరకూ మధ్య రక్తం చేరడం మొదలవుతుంది. మొదట్లో మనిషి బాగానే ఉంటాడు. మాట్లాడతాడు, నవ్వుతాడు, ‘ఆసుపత్రి ఎందుకు?’ అంటాడు. కొన్ని నిమిషాల నుంచి కొన్ని గంటల తర్వాత తలనొప్పి, వాంతులు, మగత. ఆ తర్వాత స్పృహ పోతుంది. ఈ మధ్యలో ఉండే ‘బాగున్న సమయం’ వైద్యులకు బాగా తెలిసిన విషయం. ఇళ్లల్లోనే తెలియదు.

దీనికి ప్రపంచమంతా విన్న ఉదాహరణ ఒక సినిమా నటిదే. బ్రిటిష్ నటి నటాషా రిచర్డ్‌సన్ 2009 మార్చి 16న కెనడాలోని క్విబెక్ మంచు కొండల్లో స్కీయింగ్ నేర్చుకుంటూ పడిపోయారు. హెల్మెట్ లేదు. పైకి గాయమేమీ కనిపించలేదు. బాగానే ఉన్నానని వైద్య సాయం వద్దన్నారు. వచ్చిన అంబులెన్స్ తిరిగి వెళ్లిపోయింది. తర్వాత గదిలో తలనొప్పి మొదలైంది. ఆసుపత్రికి చేరేసరికే పరిస్థితి చేయి దాటింది. మార్చి 18న కన్నుమూశారు. వయసు 45. పుర్రె లోపల రక్తస్రావమే కారణమని శవపరీక్షలో తేలింది.

ఇలాంటి రక్తస్రావాన్ని వేళకు సీటీ స్కాన్‌లో గుర్తించి, న్యూరోసర్జన్ గడ్డను తొలగిస్తే చాలామంది పూర్తిగా కోలుకుంటారు. అంటే ఇక్కడ ప్రాణం తీసేది దెబ్బ ఒక్కటే కాదు. ‘పొద్దున్న చూద్దాంలే’ అనే మాట కూడా.

ఇంట్లో పెద్దవాళ్ల విషయంలో ఈ వ్యవధి ఇంకా పొడవు. వయసు పెరిగేకొద్దీ మెదడు కొంచెం కుంచించుకుపోతుంది. పుర్రెకూ దానికీ మధ్య ఉండే సన్నటి రక్తనాళాలు సాగి ఉంటాయి. చిన్న తాకిడికే తెగుతాయి. నాన్నమ్మ బాత్రూంలో జారిపడిన సంగతి అందరూ మరిచిపోయిన రెండు మూడు వారాలకు, ఆమె మాట తడబడటమో, నడక తూలడమో, మతిమరుపు ఒక్కసారిగా పెరగడమో కనిపించవచ్చు. ‘వయసు మీద పడింది’ అని సరిపెట్టుకోకండి. గుండె జబ్బుకో, పక్షవాతం రాకుండానో రక్తాన్ని పలచబరిచే మందులు వాడుతున్నవారైతే, తలకు ఎంత చిన్న దెబ్బ తగిలినా అదే రోజు వైద్యుడికి చూపించాలి.

గతం మరిచిపోవడం, కోమా నుంచి లేవడం

సినిమాల్లో తలకు దెబ్బ తగిలితే హీరో పేరుతో సహా గతమంతా మరిచిపోతాడు. క్లైమాక్స్‌లో రెండో దెబ్బ తగలగానే అంతా గుర్తుకొస్తుంది. నిజంగా జరిగేది దాదాపు దీనికి తలకిందులు. తల దెబ్బ తర్వాత ప్రమాదానికి కాస్త ముందు, ఆ తర్వాత జరిగినవి గుర్తుండకపోవచ్చు. అడిగిందే అడుగుతుంటారు. కొత్త విషయాలు నిలవవు. కానీ తన పేరు, అమ్మానాన్నల ముఖాలు పూర్తిగా తుడిచిపెట్టుకుపోవడం మామూలుగా జరగదు. ఇక రెండో దెబ్బ సంగతి. మెదడు మొదటి దెబ్బ నుంచి తేరుకోకముందే మళ్లీ తగిలితే, అరుదుగానైనా, మెదడు ఒక్కసారిగా ఉబ్బి ప్రాణం మీదకు రావచ్చు. ముఖ్యంగా కుర్రవాళ్లలో.

క్రికెట్ చూసే ఇళ్లల్లో ఈ మార్పును గమనించే ఉంటారు. 2019 నుంచి అంతర్జాతీయ క్రికెట్లో తలకు దెబ్బ తగిలి మెదడు అదిరిన ఆటగాడి బదులు మరొకరిని ఆడించే వీలు కల్పించారు. 2020 డిసెంబరులో కాన్‌బెర్రా టీ20లో బంతి జడేజా హెల్మెట్‌కు తగిలాక, అతడి స్థానంలో చాహల్ వచ్చి బౌలింగ్ చేశాడు. దెబ్బ తగిలినా ఆడటమే మగతనం అనుకున్న ఆట కూడా మనసు మార్చుకుంది. మీ అబ్బాయి స్కూల్ గ్రౌండ్‌లో దెబ్బ తగిలించుకొని ‘ఇంకో ఓవర్ ఆడొస్తా’ అంటే ఒప్పుకోవద్దు.

ఇక కోమా. తెర మీద ఏళ్ల తర్వాత లేచినా గడ్డం నీటుగా ఉంటుంది. చూపు సూటిగా ఉంటుంది. మంచం దిగి నడుస్తాడు కూడా. మంచం మీద కదలకుండా పడి ఉన్న మనిషికి రోజులు గడిచేకొద్దీ కండ కరుగుతుంది. కీళ్లు బిగుసుకుంటాయి. పక్క మార్చకపోతే వీపు మీద పుండ్లు పడతాయి. ముక్కులో ఆహారపు గొట్టం, కొందరికి గొంతు దగ్గర శ్వాస గొట్టం. కళ్లు తెరవడం, మాట, కదలిక.. ఈ మూడింటికీ వైద్యులు మార్కులు వేస్తారు. గ్లాస్గో కోమా స్కేల్ అనే ఈ పద్ధతి 1974 నుంచి వాడుకలో ఉంది. పూర్తి స్పృహకు 15, అట్టడుగు 3. మెలకువ రావడమంటే ఒక్క డైలాగుతో అయ్యేది కాదు. 5 నుంచి 7కు, 7 నుంచి 9కి మెల్లగా ఎక్కే మెట్లు. కొందరు మధ్యలోనే ఆగిపోతారు.

ఇంటికొచ్చాక మొదలయ్యే కథను సినిమా తీయదు. నడుస్తాడు కానీ చిన్న మాటకే కోపం. చదివింది బుర్రకెక్కదు. వాసన తెలియదు. ఉద్యోగంలో మునుపటిలా కుదరదు. ‘మనిషి బతికాడు కానీ, మా ఆయన మునుపటిలా లేడండీ’ అని ఆసుపత్రి వరండాల్లో భార్యలు చెప్పుకునే మాట వెనకున్నది ఇదే.

హీరోకైనా రోడ్డు ఒకటే

మన హీరోల్లోనే ఒకరి అనుభవం తీసుకోండి. 2021 సెప్టెంబరు 10న హైదరాబాద్ కేబుల్ బ్రిడ్జి సమీపంలో సాయిధరమ్ తేజ్ నడుపుతున్న స్పోర్ట్స్ బైక్ రోడ్డు మీద జారింది. ఆయన స్పృహ కోల్పోయారు. కాలర్ బోన్ విరిగింది. తలకు హెల్మెట్ ఉంది. నెలకు పైగా ఆసుపత్రిలో ఉండి, అక్టోబరు 15న విజయదశమి నాడు ఇంటికి చేరారు. తర్వాత మాట పలకడానికి కూడా కష్టపడాల్సి వచ్చిందని ఆయనే చెప్పుకొచ్చారు. హెల్మెట్ పెట్టుకోమని అభిమానులను కోరుతూ వచ్చారు. తిరిగి ‘విరూపాక్ష’తో థియేటర్లలోకి వచ్చింది 2023 ఏప్రిల్లో. హెల్మెట్ ఉండి, మంచి వైద్యం వెంటనే అంది, వయసు తోడుగా ఉన్న కథానాయకుడికే ఇంత సమయం పట్టింది. తెర మీద ఇది ఒక పాట నిడివి.

పైగా తెర మీది విన్యాసం ఊరికే జరగదు. తాళ్లుంటాయి. కింద పరుపులుంటాయి. పగిలే సీసాలు అసలు గాజువి కావు. తలుపుల వెనక అంబులెన్స్ ఉంటుంది. హీరోలా కనిపించే డూప్ ఉంటాడు. ఇన్ని ఉన్నా కూడా, 2025 జులైలో తమిళనాడులో ఒక సినిమా చిత్రీకరణలో కారు స్టంట్ చేస్తూ అనుభవజ్ఞుడైన స్టంట్ కళాకారుడు ప్రాణాలు కోల్పోయాడు. రీల్ కోసం ముందు చక్రం గాల్లోకి లేపే కుర్రాడికి వీటిలో ఒక్కటీ లేదు.

తప్పు సినిమాదేనా?

అలా తేల్చేస్తే పని సులువే కానీ, నిజం కాదు. ఒక్కడు ఇరవై మందిని కొట్టలేడని పదేళ్ల పిల్లాడికీ తెలుసు. సినిమా అబద్ధం చెబుతుందని తెలిసే చూస్తాం. చిక్కు ఎక్కడంటే, దానికి ఎదురుగా పెట్టి చూసుకోవడానికి మన దగ్గర నిజమైన బొమ్మ లేదు. తల దెబ్బ గురించి స్కూల్లో ఎవరూ చెప్పరు. ఇంట్లో మాట్లాడుకోం. ఖాళీగా ఉన్న చోట సినిమా వచ్చి కూర్చుంటుంది.

అలా కూర్చున్న బొమ్మ మూడుచోట్ల దెబ్బ తీస్తుంది. మొదటిది, ప్రమాదానికి ముందు.. ‘నాకేం కాదు’ అనే ధీమా. రెండోది, ప్రమాదం జరిగిన వెంటనే.. ‘లేచాడు కదా’ అనే ఆలస్యం. మూడోది, ఆసుపత్రిలో.. ‘ఆపరేషన్ అయిందిగా, ఇంకా ఎందుకు లేవలేదు?’ అనే తొందర. ఈ తొందరలోనే కొందరు డాక్టర్ల మీద గొడవకు దిగుతారు. ఇంకొందరు వైద్యం మధ్యలో ఆపి వేరే చోటికి తరలిస్తారు. నెలల తరబడి చేయించాల్సిన ఫిజియోథెరపీని రెండు వారాలకే మానేస్తారు.

ఈ మూడింటిలో మొదటి రెండూ పూర్తిగా మన చేతుల్లో ఉన్నవే.

ఇంటి పెద్దగా మీరు తీసుకోవాల్సిన నిర్ణయాలు

బండి తాళం: 18 ఏళ్లు నిండకుండా గేర్ల బండికి గానీ, ఇళ్లల్లో ఉండే మామూలు స్కూటీకి గానీ లైసెన్స్ రాదు. 50 సీసీ లోపు గేర్లు లేని బండికి మాత్రమే 16 ఏళ్లకు వీలుంది. మైనర్ బండి నడిపి నేరం జరిగితే 2019లో సవరించిన మోటారు వాహనాల చట్టం ప్రకారం తల్లిదండ్రులు లేదా బండి యజమాని బాధ్యులు. మూడేళ్ల వరకు జైలు, 25 వేల రూపాయల జరిమానా పడవచ్చు. బండి రిజిస్ట్రేషన్ ఏడాది పాటు రద్దవుతుంది. పిల్లాడికి 25 ఏళ్లు వచ్చేదాకా లైసెన్స్ ఇవ్వరు. ‘ట్యూషన్ దూరం, తప్పదు’ అనే కారణం ఇక్కడ చెల్లదు.

హెల్మెట్: వివిధ దేశాల అధ్యయనాలను కలిపి చూసిన ఒక విశ్లేషణ ప్రకారం, హెల్మెట్ మరణ ముప్పును సుమారు 42 శాతం, తల గాయాల ముప్పును సుమారు 69 శాతం తగ్గిస్తుంది. మిగిలిన ముప్పు ఉంటుంది. అందుకే హెల్మెట్ వేగానికి లైసెన్స్ కాదు. ఐఎస్ఐ గుర్తు చూసి కొనండి. గడ్డం కింద పట్టీ బిగించకపోతే పడేటప్పుడు తల కంటే ముందు అదే ఎగిరిపోతుంది. ఒకసారి గట్టిగా దెబ్బ తగిలిన హెల్మెట్‌ను మార్చేయండి. పైకి బాగున్నా, లోపలి థర్మాకోల్ పొర తన పని అప్పటికే చేసేసి ఉంటుంది. నాలుగేళ్లు దాటిన పిల్లలకూ హెల్మెట్ తప్పనిసరి. తొమ్మిది నెలల నుంచి నాలుగేళ్ల వరకు పిల్లలను బండి మీద తీసుకెళ్తే హెల్మెట్‌తో పాటు నడిపేవారికి కట్టి ఉంచే బెల్టు ఉండాలి. వేగం 40 దాటకూడదు.

దారిలో ఎవరైనా పడి ఉంటే: 108కు ఫోన్ చేయండి. మెడ విరిగి ఉండవచ్చు కాబట్టి లేపి కూర్చోబెట్టవద్దు. ఆటోలో మడిచి పడుకోబెట్టవద్దు. స్పృహ సరిగా లేని మనిషికి నీళ్లు తాగించవద్దు, ఊపిరితిత్తుల్లోకి పోతాయి. శ్వాస ఆడుతుంటే హెల్మెట్‌ను బలవంతంగా లాగవద్దు. సాయం చేస్తే కేసులో ఇరుక్కుంటామన్న భయం వద్దు. సాయపడినవారికి మోటారు వాహనాల చట్టంలోని 134ఏ సెక్షన్ రక్షణ ఇస్తోంది. డబ్బు కోసం ఆలస్యం చేయాల్సిన పనీ లేదు. రోడ్డు ప్రమాద బాధితులకు మొదటి ఏడు రోజుల్లో లక్షన్నర రూపాయల వరకు నగదు రహిత చికిత్స అందించే పథకాన్ని 2025 మేలో కేంద్రం అమల్లోకి తెచ్చింది.

తలకు దెబ్బ తగిలిందా? ఇవి కనిపిస్తే వెంటనే ఆసుపత్రికి..

• కొద్ది క్షణాలైనా స్పృహ తప్పడం
• తలనొప్పి తగ్గకుండా అంతకంతకూ పెరగడం
• మళ్లీ మళ్లీ వాంతులు
• లేపినా సరిగా లేవని మగత, తికమక మాటలు, అడిగిందే అడగడం
• ఫిట్స్
• ముక్కు నుంచి గానీ చెవి నుంచి గానీ రక్తం లేదా నీటిలాంటి ద్రవం కారడం
• ఒక కంటిపాప పెద్దగా, మరొకటి చిన్నగా ఉండటం
• ఒక పక్క చేయి, కాలు బలహీనపడటం, మాట ముద్దగా రావడం
• పసిపిల్లలైతే ఆగని ఏడుపు, పాలు తాగకపోవడం, మందకొడిగా ఉండటం
• వయసు 65 దాటినా, రక్తం పలచబరిచే మందులు వాడుతున్నా.. ఏ లక్షణం లేకున్నా సరే

సీటీ స్కాన్ సౌకర్యం ఉన్న ఆసుపత్రికి వెళ్లడం మేలు. వైద్యుడు చూసి ఇంటికి పంపాక పిల్లాడు నిద్రపోవచ్చు. నిద్ర ప్రమాదం కాదు, ఎవరూ గమనించకపోవడం ప్రమాదం. మొదటి 24 గంటలు ఎవరో ఒకరు తోడుండండి. వైద్యుడు చెప్పిన ప్రకారం మధ్య మధ్యలో లేపి, పేరు, రోజు అడగండి. నొప్పికి సొంతంగా ఆస్పిరిన్, ఐబూప్రొఫెన్ లాంటివి వేయవద్దు. అవి రక్తస్రావాన్ని పెంచవచ్చు. ఒకట్రెండు రోజులు విశ్రాంతి, ఆ తర్వాత మెల్లగా చదువు. ఆటలు వైద్యుడు సరేనన్నాకే.

మొదట చెప్పుకున్న ఇంటికి మళ్లీ వెళ్దాం. రాత్రి పది. అబ్బాయి వాంతి చేసుకున్నాడు. తల పట్టుకొని ‘నొప్పి ఎక్కువవుతోందమ్మా’ అన్నాడు. ఇక్కడి నుంచి రెండు దారులున్నాయి. ఒకటి, దుప్పటి కప్పి లైటు ఆపేయడం. రెండోది, చొక్కా వేసుకొని బండి కాకుండా 108కో, కారుకో ఫోన్ చేయడం. అర్ధరాత్రి స్కాన్ తీశాక ‘ఏమీ లేదండీ, తీసుకెళ్లండి’ అని డాక్టర్ అనవచ్చు. అనవసరంగా వచ్చామే అని మీకు అనిపించవచ్చు. అనిపించనివ్వండి. ఆ అనవసరపు ప్రయాణం ఖర్చు కొన్ని వేలు, ఒక నిద్ర. రెండో దారి పట్టకపోతే అయ్యే ఖర్చుకు లెక్క లేదు.

ఈ ఆదివారం ఇంటిల్లిపాదీ సినిమాకు వెళ్లండి. హీరో లేచి నిలబడితే ఈల కూడా వేయండి. వచ్చేటప్పుడు మాత్రం బండి మీద ఎందరుంటే అన్ని హెల్మెట్లు ఉన్నాయో లేదో చూసుకోండి.